మన కథ మనమే తీసుకోవడం: సెల్ఫ్ డాక్యుమెంటరీ మీద తరచుగా అడిగే ప్రశ్నలు

సొంత జీవితం మీద డాక్యుమెంటరీ తీద్దామనుకునేవాళ్లకి వచ్చే సందేహాలు దాదాపు ఒకటే. కొన్ని కెమెరా గురించి, కొన్ని చట్టం గురించి, ఎక్కువ భాగం అమ్మానాన్నల గురించి. పని జరిగే వరుసలోనే వాటిని కింద పెట్టాం. ఏ ప్రశ్న అవసరమైతే అది విడిగా చదువుకోవచ్చు.

## మొదలుపెట్టకముందు

నేను రోజూ వ్లాగ్ పెడుతూనే ఉన్నాను. అది సెల్ఫ్ డాక్యుమెంటరీ కాదా?

చాలావరకు కాదు. వ్లాగ్‌లో చెప్పబోయేది ముందే తెలుసు. పొద్దున తీసి రాత్రికి పెట్టేస్తారు, మాట్లాడేది మీరొక్కరే. డాక్యుమెంటరీలో మీకే తెలియని సంగతి ఒకటి ఉండాలి, దాన్ని మీరు తెలుసుకోవడం తెర మీద కనపడాలి, ఎదుటివాళ్లు మీ మాట కాదనే వీలుండాలి. జపాన్‌లో 'సెల్ఫ్ డాక్యుమెంటరీ' అన్న మాట ఈ అర్థంలోనే వాడుకలోకి వచ్చింది. అక్కడి దర్శకురాలు నవోమి కవాసే 1992లో తీసిన చిన్న సినిమా మొత్తం తను ఎరగని తండ్రిని వెతుక్కుంటూ పోవడమే. మీ దగ్గర ఏముందో చూసుకోవాలంటే పాత వ్లాగ్ ఒకటి తీసుకుని, మీరు కెమెరాలోకి చూస్తూ మాట్లాడిన ముక్కలన్నీ కోసేయండి. మిగిలిందాంట్లో చూడదగ్గది ఉంటే సినిమాకి సరుకున్నట్టే.

నా జీవితంలో చెప్పుకోదగ్గదేం జరగలేదు. ఎవరు చూస్తారు?

జరగక్కర్లేదు. కావాల్సింది ఒక ప్రశ్న. 'మా అమ్మ గురించి' అన్నది ప్రశ్న కాదు. 'పెళ్లయ్యాక అమ్మని పుట్టింటి ఇంటిపేరుతో ఎవరూ గుర్తుపెట్టుకోలేదు, పదో తరగతి సర్టిఫికెట్‌లో మాత్రం అదే ఉంది. తనని తాను ఏ పేరుతో అనుకుంటుంది?' అన్నది ప్రశ్న.

పేర్ల సంగతే ఒక సినిమాకి సరిపోతుంది. ఇంట్లో పిలిచే పేరొకటి, ఆధార్‌లో ఒకటి, ఆఫీసు మెయిల్లో ఒకటి, ఇన్‌స్టాగ్రామ్‌లో పెట్టుకున్నది ఇంకొకటి. ఇంటిపేరు ముందు రాసుకునే మనకి పాస్‌పోర్టు ఫారంలో 'సర్‌నేమ్' గడి దగ్గరే తికమక మొదలవుతుంది. పేరంతా ఆ ఒక్క గడిలోనే పడితే అమెరికా వీసా మీద మొదటి పేరు ఉండాల్సిన చోట 'ఎఫ్‌ఎన్‌యూ' అని అచ్చవుతుంది. మొదటి పేరు తెలియదని దానర్థం. ముప్ఫై ఏళ్లు ఒక పేరుతో బతికిన మనిషికి అది పెద్ద సంఘటనే.

'నాకు తెలియనిది ఏమిటంటే' అని కాగితం మీద రాసి వాక్యం పూర్తిచేయండి. దానికి ఈ రోజే జవాబు చెప్పగలిగితే ఇంకో వాక్యం వెతుక్కోండి.

ఖర్చెంత అవుతుంది?

ఫోన్ ఉంటే షూటింగుకి పెద్దగా ఏమీ కాదు. కాలర్‌కి తగిలించే వైరు మైకు వెయ్యి రూపాయలకి అటూఇటూ, చిన్న స్టాండు ఒకటి, బ్యాకప్‌కి రెండు హార్డ్ డిస్కులు. డబ్బు మింగేవి హక్కులు. అమెరికాలో జొనాథన్ కవెట్ 2003లో ఇంటి కంప్యూటర్‌లో ఉచితంగా వచ్చే ఐమూవీలో ఎడిట్ చేసిన 'టార్నేషన్' 218 డాలర్ల సినిమాగా పేరుపడింది. థియేటర్లకి వెళ్లేముందు అందులోని పాటలకీ, క్లిప్పులకీ హక్కులు కొంటే లెక్క 4 లక్షల డాలర్లు దాటిందన్నది కూడా అంతే ప్రచారంలో ఉంది. కాబట్టి బడ్జెట్ వేసేటప్పుడు కెమెరా కంటే ముందు 'ఇందులో సినిమా పాట ఉందా?' అని చూసుకోండి.

ఎన్నాళ్లు తీయాలి?

అరగంట సినిమాకి ఒక ఏడాది తీయడం మంచిది. సంక్రాంతికి ఇంటికెళ్లినప్పుడు మొదలుపెడితే మళ్లీ సంక్రాంతి దాకా. ఒకే ముగ్గు, ఒకే అరుగు రెండోసారి తీసినప్పుడు మధ్యలో మారిందేమిటో దానంతటదే తెలుస్తుంది. ముప్ఫై, నలభై గంటల ఫుటేజ్ దాటితే మాత్రం కూర్చుని చూడటానికే నెలలు పోతాయి.

## సామాను

ఫోన్ సరిపోతుందా? కెమెరా కొనాలా?

సరిపోతుంది. ఇంట్లోవాళ్లు ఫోన్‌కి అలవాటుపడి ఉంటారు, పెద్ద కెమెరా తెస్తే పెళ్లి వీడియో తీస్తున్నట్టు సర్దుకుని కూర్చుంటారు. 2000లో ఫ్రాన్స్‌లో దర్శకురాలు అన్యెస్ వార్దా అరచేతిలో పట్టే చిన్న డిజిటల్ కెమెరాతో ఒక చేత్తో తన రెండో చేతినే, దాని మీది ముడతల్ని తీసింది. పెద్ద కెమెరాతో ఆ షాట్ రాదు.

పాటించాల్సినవి: లెన్స్ తుడవండి, సగం మసకకి కారణం వేలిముద్రే. ఫోన్‌ని ఫ్లైట్ మోడ్‌లో పెట్టండి. ముఖం మీద నొక్కి పట్టుకుని ఫోకస్, వెలుతురు లాక్ చేయండి, లేకపోతే మనిషి కదిలినప్పుడల్లా గది వెలుగుతూ ఆరుతూ ఉంటుంది. సెకనుకి 25 ఫ్రేములు ఎంచుకోండి. ఐఫోన్‌లో అది కనపడకపోతే కెమెరా సెట్టింగుల్లో వీడియో రికార్డింగ్ కింద 'పాల్' ఫార్మాట్లు చూపించమన్న మీట వేయాలి. జాగా లెక్క: ఐఫోన్‌లో 4కే, 30 ఫ్రేములైతే నిమిషానికి సుమారు 170 ఎంబీ, అంటే గంటకి 10 జీబీ. 1080 అయితే నిమిషానికి 60 ఎంబీ. పల్లెటూరి ఇంటికి వారం రోజులకి వెళ్తుంటే 1080లోనే తీయండి. జాగా చాలక రెండో రోజే పాతవి చెరిపేసుకోవడం కంటే అది నయం.

ట్యూబ్‌లైట్ కింద తీస్తే తెర మీద నల్లటి పట్టీలు పారుతున్నాయి. ఫోన్ పాడైందా?

లేదు. మన దగ్గర కరెంటు 50 హెర్ట్జ్. ట్యూబ్‌లైటు సెకనుకి 100 సార్లు మినుకుతుంది, మన కంటికి తెలియదు, కెమెరాకి తెలుస్తుంది. షట్టర్ (ఒక్కో ఫ్రేముకి వెలుతురు పడే సమయం) సెకనులో 1/50 వంతు గానీ 1/100 వంతు గానీ పెడితే పట్టీలు పోతాయి. ఫోన్‌తో వచ్చే కెమెరా యాప్‌లో షట్టర్ మార్చే వీలు లేకపోతే 'బ్లాక్‌మ్యాజిక్ కెమెరా' లాంటి ఉచిత యాప్ వేసుకోండి. అమెరికాలో కరెంటు 60 హెర్ట్జ్. కొంత డాలస్‌లో, కొంత గుంటూరులో తీసేవాళ్లు రెండుచోట్లా 25 ఫ్రేములే ఉంచి, అక్కడ షట్టర్ మాత్రం 1/60 చేసుకుంటే ఎడిటింగ్‌లో ఇబ్బంది రాదు. చవక ఎల్ఈడీ బల్బులు కొన్ని దేనికీ లొంగవు. అప్పుడు కిటికీ దగ్గరికి జరగడమే.

మాటలు బావిలోంచి వస్తున్నట్టున్నాయి. ఏం చేయాలి?

ఫోన్ మైకు దూరంగా ఉండటమే కారణం. మైకు నోటికి జానెడు దూరంలో ఉండాలి. పట్టుచీర, గంజి పెట్టిన నూలుచీర పైట మీద తగిలిస్తే గరగర వస్తుంది, రవికె అంచుకి లోపలివైపు టేపుతో అంటించండి. ఇంట్లో శత్రువులు నలుగురు: సీలింగ్ ఫ్యాను, ఫ్రిజ్, మిక్సీ, పక్కింటి టీవీ. మేలో ఫ్యాను ఆపితే ఎవరూ మాట్లాడరు. సీలింగ్ ఫ్యాను ఆపి, టేబుల్ ఫ్యాను దూరంగా పెట్టి, గాలి మైకుకి తగలకుండా వాళ్ల కాళ్ల వైపు తిప్పండి. ఫ్రిజ్ ఆపితే ఇంటి తాళాలు ఫ్రిజ్‌లో పెట్టండి, బయల్దేరేటప్పుడు మళ్లీ ఆన్ చేయడం మర్చిపోరు. ప్రతి గదిలోనూ ఎవరూ మాట్లాడకుండా 30 సెకన్లు వట్టి గది చప్పుడు రికార్డు చేసుకోండి. ఎడిటింగ్‌లో మాట కోసినచోట అతుకు వేయడానికి అదే పనికొస్తుంది.

## పాత సరుకు పోగుచేయడం

అమ్మానాన్నల పెళ్లి క్యాసెట్టు ఉంది. ఎలా ఎక్కించాలి?

ముందు క్యాసెట్టు కిటికీలోంచి టేపు చూడండి. తెల్లటి పొడిలా ఉంటే బూజు. అలాగే వీసీఆర్‌లో వేస్తే టేపు తెగొచ్చు, బూజు మిషన్ హెడ్‌కి అంటుకుని తర్వాత వేసిన క్యాసెట్టుకీ పాకుతుంది. శుభ్రం చేసే స్టూడియోకే ఇవ్వండి. డీవీడీ కాకుండా ఫైల్ రూపంలో అడగండి. 720×576, 25 ఫ్రేములు, 4:3 ఆకారం అని చెప్పండి. తెర నిండాలని 16:9కి సాగదీస్తే పెళ్లికూతురు పొట్టిగా లావుగా తేలుతుంది. పక్కల నల్లపట్టీలు ఉంటే ఉండనివ్వండి. మినీ డీవీ టేపైతే ఫైర్‌వైర్ తీగతో నేరుగా దించాలి, గంటకి సుమారు 13 జీబీ.

మన పెళ్లి క్యాసెట్లకి ఇంకో చిక్కుంది. తొంభైల్లో వీడియోవాళ్లు అసలు శబ్దం చెరిపేసి ఆ ఏడాది హిట్ పాటలు కలిపేసేవారు. జీలకర్ర బెల్లం ఘట్టంలో మంత్రం వినపడదు, డ్యూయెట్ వినపడుతుంది. ఆ పాటలు వాడితే హక్కుల గొడవ. శబ్దం పూర్తిగా తీసేసి, అమ్మని టీవీ ముందు కూర్చోబెట్టి క్యాసెట్టు చూపిస్తూ ఆమె మాటలు రికార్డు చేయండి. 'ఇదుగో మీ పెద్దత్త, అప్పటికే అలిగింది' అన్న ముక్క ఏ డ్యూయెట్ కంటే బాగుంటుంది.

గూగుల్ ఫోటోస్ నుంచి అన్నీ దించుకుంటే తేదీలన్నీ నిన్నటివే చూపిస్తున్నాయి. ఎందుకు?

గూగుల్ టేకౌట్ అనే సదుపాయం ద్వారా దించినప్పుడు కంప్యూటర్ చూపించేది ఫైల్ దిగిన తేదీ. కెమెరా రాసిన తేదీ ఫోటో లోపలే ఉంటుంది. గూగుల్‌లో మీరు సరిదిద్దిన తేదీ, చోటు మాత్రం పక్కనే ఉండే 'జేసన్' ఫైల్లో విడిగా వస్తాయి. చెత్త అనుకుని వాటిని తీసేయకండి. 'ఎగ్జిఫ్‌టూల్' అనే ఉచిత ప్రోగ్రాంతో ఆ తేదీల్ని తిరిగి ఫోటోల్లోకి ఎక్కించవచ్చు. వాట్సాప్‌లో వచ్చిన ఫోటోల్లో అసలు తేదీ ఉండదు, పంపేటప్పుడే పోతుంది. ఫైల్ పేరులో కనపడే తేదీ అది మీ ఫోన్‌కి చేరిన రోజు. బంధువుల దగ్గర పాత ఫోటోలు అడిగేటప్పుడు 'డాక్యుమెంట్‌గా పంపండి' అని చెబితే నాణ్యత, తేదీ రెండూ నిలుస్తాయి.

ఫేస్‌బుక్ డేటా దించితే తెలుగంతా పిచ్చి గీతల్లా వచ్చింది. పోస్టులు పోయినట్టేనా?

పోలేదు. జేసన్ రూపంలో దించితే తెలుగు అక్షరాలు తప్పు సంకేతాల్లో వస్తాయి. మళ్లీ అర్జీ పెట్టి ఈసారి హెచ్‌టీఎంఎల్ ఎంచుకోండి, బ్రౌజర్‌లో శుభ్రంగా చదవచ్చు. లింకు కొద్దిరోజులే పనిచేస్తుంది, వచ్చిన రోజే దించుకోండి.

వాట్సాప్ వాయిస్ మెసేజ్‌లు సినిమాలో వాడొచ్చా?

వాడొచ్చు. చాలాసార్లు సినిమాలో అన్నిటికంటే బలమైన శబ్దం అదే అవుతుంది. అమ్మ పంపిన పద్నాలుగు సెకన్ల మెసేజ్ ఒకటి ఊహించండి: ముందు చిన్న దగ్గు, 'ఆ... తిన్నావా?', కుక్కర్ విజిల్, 'ఏం లేదులే, ఊరికే', ఆపైన మూడు సెకన్లు ఏమీ లేదు, రికార్డు ఆపడం రాక. ఆ మూడు సెకన్లు కోయకండి.

ఫైళ్లు 'ఓపస్' రకంలో ఉంటాయి, ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్లు కొన్ని వాటిని తీసుకోవు. 48 కిలోహెర్ట్జ్ వేవ్ ఫైళ్లుగా మార్చుకోండి, షటర్ ఎన్‌కోడర్ అనే ప్రోగ్రాం ఉచితంగా చేస్తుంది. చాట్ తెర చూపించాలంటే స్క్రీన్‌షాట్ నేరుగా పెట్టొద్దు. నంబర్లు, ప్రొఫైల్ ఫోటోలు, మధ్యలో జారే నోటిఫికేషన్లు అన్నీ బయటపడతాయి. మాటల్ని విడిగా టైప్ చేసి టైటిల్‌గా వేయండి. మెసేజ్ మీ ఫోన్‌లో ఉన్నా మాట పంపినవాళ్లది, వాళ్లని అడగాలి.

ఫోన్‌లో 40 వేల ఫోటోలున్నాయి. వాటినిబట్టి నా కథ చెప్పేయొచ్చు కదా?

ఆ ఫోటోలు చెప్పే కథని నమ్మేముందు వాటిలో ఎవరు లేరో చూడండి. తీసినవాడు ఫోటోలో ఉండడు. పదేళ్ల పండగ ఫోటోల్లో వంటింట్లో ఉన్నవాళ్లు కనపడరు, లేదా అందరూ తిన్నాక చివర్లో పైటతో చెయ్యి తుడుచుకుంటూ ఒక ఫ్రేములో కనపడతారు. ఆసుపత్రి నెలలు, ఉద్యోగం పోయిన ఆరు నెలలు, మాటల్లేని ఏడాది: ఈ కాలాల్లో గ్యాలరీ ఖాళీ. పైగా ఫోన్ తనంతట తాను తయారుచేసి చూపించే 'జ్ఞాపకాలు' ఎక్కువగా నవ్వే ముఖాలు, విహారయాత్రలు, పుట్టినరోజులే ఏరుతుంటాయి. కొన్నేళ్లు అవే చూస్తే మనం కూడా మన జీవితం అదే అనుకుంటాం. డిజిటల్ కాలంలో సొంత కథ తీసేవాళ్లకి అసలు సమస్య ఇదే. సరుకు తక్కువై కాదు, ముందే ఎవరో ఏరిపెట్టిన సరుకు చేతికందడం వల్ల.

ఒక పని చేయండి. ఏడాదికొక గీత చొప్పున కాగితం మీద గీసి, ఫోటోలు లేని నెలల్ని గుర్తుపెట్టండి. ఆ నెలల కోసం వేరే జాడలు వెతకండి: స్క్రీన్‌షాట్ల ఫోల్డర్, యూపీఐ చరిత్ర (ఏ మెడికల్ షాపుకి ఎన్నిసార్లు చెల్లించారో), రైలు టికెట్ల ఎస్ఎంఎస్‌లు, డ్రాఫ్టుల్లో ఆగిపోయిన మెయిళ్లు, పంపి తీసేసిన మెసేజ్ తాలూకు గుర్తు. ఇవి చూపించడానికి అందంగా ఉండవు. సినిమాకి ప్రశ్నలు ఇచ్చేది మాత్రం ఇవే.

నాన్నగారు పోయారు. ఆయన ఉత్తరాలు, పాత స్టూడియో ఫోటోలు వాడటానికి ఎవరినడగాలి?

ఉత్తరం కాగితం అందుకున్నవాళ్లది, అందులోని మాటల మీద కాపీరైట్ రాసినవాళ్లది. రాసినవాళ్లు పోయాక వారసులది. అంటే అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లు అందరి ఒప్పుదలా తీసుకోవాలి. స్టూడియో ఫోటో, పెళ్లి వీడియోల సంగతి వేరు. కాపీరైట్ చట్టం, 1957 ప్రకారం డబ్బిచ్చి తీయించుకున్నవాటికి వేరే ఒప్పందం లేకపోతే తొలి యజమాని తీయించుకున్నవాళ్లే. పెళ్లి వీడియోకి చాలా ఇళ్లలో ఆ యజమాని పెళ్లికూతురి తండ్రి అవుతాడు.

## ఇంట్లోవాళ్లు, అనుమతులు

అమ్మ 'సరే తియ్యి' అంది. ఇంకా సంతకం ఎందుకు?

అమ్మ సరేనన్నది ఫోన్‌లో వీడియో తీయడానికి. దాన్ని చెల్లెలి అత్తగారు చూస్తారని ఆమె అనుకోలేదు. అందుకే మూడుసార్లు అడగాలి: తీయకముందు, తీశాక ఆ ముక్క చూపించి, ఎడిటింగ్ అయ్యాక మొత్తం చూపించి. కాగితం తెలుగులో, ఒక పేజీలో ఉండాలి. నాలుగు సంగతులు చాలు: ఏ విషయం మీద తీస్తున్నారు, ఎక్కడెక్కడ చూపిస్తారు (ఫెస్టివల్, యూట్యూబ్, ఓటీటీ విడివిడిగా), ఏ భాగం తీసేయమనే హక్కు ఎప్పటిదాకా ఉంటుంది, డబ్బు వస్తే ఎవరికి. చదవడం రానివాళ్లకి చదివి వినిపించి, ఆ వినిపించడాన్నీ వాళ్ల జవాబునీ రికార్డు చేయండి. 'నీకు నచ్చనిదేదీ పెట్టను' అని మాత్రం మాటివ్వకండి. నిలబెట్టుకోలేరు.

చిన్నపిల్లల్ని చూపించొచ్చా?

తల్లిదండ్రులిద్దరి సంతకంతో. బడి యూనిఫాం, బ్యాడ్జి, ఇంటి నంబరు ఫ్రేములో రానివ్వకండి. స్నానం, ఏడుపు, తిట్లు తినడం లాంటివి అసలే వద్దు. వాళ్లు పెద్దయ్యాక పేరు కొట్టి వెతికితే మొదట వచ్చేది ఇదే కావచ్చు.

మాజీ భర్త వద్దంటున్నాడు. కానీ కథ నాది కూడా కదా?

మీదే. మీకేం జరిగిందో మీ గొంతుతో చెప్పుకోవచ్చు. అతని ముఖం, గొంతు, మెసేజ్‌లు, అతని జబ్బు, జీతం వాడటం వేరే సంగతి. వ్యక్తిగత గోప్యత ప్రాథమిక హక్కని 2017లో పుట్టస్వామి కేసులో తొమ్మిదిమంది జడ్జీల సుప్రీంకోర్టు ధర్మాసనం చెప్పింది. పరువునష్టం 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయసంహిత 356వ సెక్షన్ కిందికి వచ్చింది. ముఖం మసక చేస్తే చాలదు. ఇంటిపేరు, వీధి, బండి నంబరు, నడిచే తీరు చాలు, ఊళ్లోవాళ్లు పట్టేస్తారు. ఇలాంటి సినిమా బయటపెట్టేముందు ఒక లాయరుకి చూపించండి. కళాపరంగా కూడా, అతను లేకుండా చెప్పిన కథలే బాగుంటున్నాయి. ఖాళీ కుర్చీ తీయడం నేర్చుకోవచ్చు.

## షూటింగ్

కెమెరా పెట్టగానే అందరూ బిగుసుకుపోతున్నారు. ఏం చేయాలి?

చేతికి పనివ్వండి. నాయనమ్మని సోఫాలో కూర్చోబెట్టి 'మీ పెళ్లి గురించి చెప్పండి' అంటే రెండు వాక్యాలు చెప్పి 'అంతే' అంటుంది. చిక్కుడుకాయలు ముందేసి, మీరూ పక్కన కూర్చుని ఈనెలు తీస్తూ, ఫోన్ బియ్యం డబ్బా మీద నిలబెట్టి, చిన్న ప్రశ్న అడగండి.

'నాయనమ్మా, ఈ ఇంటికొచ్చిన మొదటిరోజు ఏం వండావు?'

'వండనిచ్చారా నన్ను? మూడో రోజు దాకా పొయ్యి ముట్టనివ్వలేదు.'

ఇక్కడ ఆగిపోండి. తర్వాతి ప్రశ్న వేయకండి. నాలుగైదు చిక్కుడుకాయలయ్యాక మిగతాది తనే చెబుతుంది. 'అప్పుడు మీ ఫీలింగ్ ఏమిటి?' అని అడిగినవాళ్లకి టీవీలో విన్న జవాబే వస్తుంది. రోజూ 'నువ్వు' అనే నాయనమ్మని కెమెరా కోసం 'మీరు' అన్నా అంతే, ఆమె వెంటనే పరాయిదైపోతుంది.

నేను అడిగిన ప్రశ్నలు, నా గొంతు తీసేయాలా?

వద్దు. ఈ సినిమాల్లో 'నేను' తేలేది మీరు కెమెరా ముందు కూర్చుని చెప్పుకున్నదాంట్లో కాదు. కెమెరా వెనక మీరు ఎలా అడిగారు, ఎక్కడ విసుక్కున్నారు, నాన్న మాటకి ఎందుకు అడ్డొచ్చారు అన్నదాంట్లో. అమ్మ మిమ్మల్ని ఏ పేరుతో పిలిచి జవాబు చెప్పిందో అందులోనే ఉంటుంది. కాబట్టి మీకూ ఒక మైకు పెట్టుకోండి. అది లేకపోతే మీ గొంతు దూరంగా, గొణుగుడులా పడి చివరికి తీసేయక తప్పదు.

ఒక్కడినే తీస్తూ నేనే ఎలా కనపడాలి?

వెనక కెమెరాతో, స్టాండు మీద. కూర్చునే చోట ముందు దిండు నిలబెట్టి ఫోకస్ లాక్ చేసి, దిండు తీసి మీరు కూర్చోండి. సెల్ఫీ కెమెరాలో కళ్లు తెర మీది మీ బొమ్మ వైపే పోతాయి. కొన్ని ఫోన్లలో గోడ మీది అక్షరాలు తిరగబడతాయి కూడా.

నెరేషన్ ఏ తెలుగులో చెప్పాలి?

ఇంట్లో ఏ తెలుగైతే అది. సినిమా అంతా కరీంనగర్ ఇంట్లో 'ఏడికి పోతున్నవ్ బిడ్డా' అని వినపడుతుంటే, మధ్యలో మీ గొంతు 'నా బాల్యం ఒక చిన్న గ్రామంలో గడిచింది' అని వార్తలు చదివితే, ఆ ఇంటి మనిషి మీరు కాదనిపిస్తుంది. నిజంగానే ఊరు వదిలాక మీ మాట మారిపోయి ఉంటే దాచకండి, ఫోన్‌లో అమ్మతో ఒకలా, ఆఫీసువాళ్లతో ఒకలా మాట్లాడే రెండు ముక్కలు పక్కపక్కన పెట్టండి. విదేశాల్లో పెరిగినవాళ్ల ఇళ్లలో తల్లి తెలుగులో అడిగితే పిల్లలు ఇంగ్లీషులో జవాబిస్తారు. దాన్నీ సరిచేయకండి. రాసుకుని చదివితే చదివినట్టే ఉంటుంది. నాలుగు మాటలు చీటీ మీద రాసుకుని ఒక స్నేహితుడికి చెబుతున్నట్టు చెప్పండి.

## ఎడిటింగ్

మొదట్లో సరిగ్గానే ఉంది. పది నిమిషాలయ్యేసరికి పెదాలకీ మాటకీ పొంతన లేదు. ఎందుకు?

ఫోన్లు వెలుతురునిబట్టి ఫ్రేముల వేగాన్ని లోలోపల మార్చుకుంటూ ఉంటాయి. 25 అని చూపించినా ఒకచోట 24.6, ఒకచోట 25.2 ఉంటుంది. ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ అన్నీ సమానమనుకుంటుంది, శబ్దం జారిపోతుంది. ఎడిటింగ్ మొదలుపెట్టకముందే హ్యాండ్‌బ్రేక్ లాంటి ఉచిత ప్రోగ్రాంలో 25, 'కాన్‌స్టంట్ ఫ్రేమ్ రేట్' ఎంచి అన్ని ఫైళ్లూ మార్చుకోండి. సగం ఎడిటింగ్ అయ్యాక మారిస్తే కోతలన్నీ మళ్లీ చేయాలి.

ముప్ఫై గంటల ఫుటేజ్. ఎక్కడ మొదలుపెట్టాలి?

సాఫ్ట్‌వేర్ తెరవకుండా. అంతా ఒకసారి చూసి మూడు వరసల పట్టిక రాయండి: టైమ్‌కోడ్ (ఎన్నో నిమిషం, ఎన్నో సెకను), ఏం జరిగింది, నాకేమనిపించింది. మూడో వరస చూసినరోజే రాయాలి, రెండోసారి చూసేటప్పటికి మొద్దుబారిపోతుంది. తర్వాత ఒక్కో సన్నివేశం ఒక్కో చీటీ మీద రాసి నేల మీద పరుచుకుని వరస మార్చి చూడండి. ఆ తర్వాత ఎడిటింగ్‌కి డావిన్చీ రిసాల్వ్ అనే సాఫ్ట్‌వేర్ ఉచిత వెర్షన్ చాలు. మీరున్న షాట్లు ఏరడం మాత్రం ఇంకొకరికి అప్పజెప్పండి. మన ముఖం బాగా కనపడిన టేక్‌ని మనం వదులుకోలేం.

టైటిళ్లలో ఒత్తులు, గుణింతాలు విడిపోతున్నాయి. ఏం చేయాలి?

ప్రీమియర్ సాఫ్ట్‌వేర్‌లో ఎడిట్ చేస్తుంటే ప్రిఫరెన్సెస్, గ్రాఫిక్స్ కింద 'సౌత్ ఏషియన్ అండ్ మిడిల్ ఈస్టర్న్' ఎంచుకుని ప్రోగ్రాం మళ్లీ తెరవండి. ఫాంట్ యూనికోడ్‌దై ఉండాలి. అను ఫాంట్లలో టైప్ చేసిన పాఠాన్ని అతికిస్తే అర్థంకాని గుర్తులొస్తాయి, ముందు యూనికోడ్‌లోకి మార్చాలి. ఎంతకీ కుదరకపోతే వేరేచోట టైటిల్ తయారుచేసి, వెనక ఏ రంగూ లేని పీఎన్‌జీ బొమ్మగా తెచ్చుకోండి. సబ్‌టైటిల్ ఫైల్ 'యూటీఎఫ్-8'లో దాచకపోతే తెలుగు మొత్తం ప్రశ్నార్థకాలవుతుంది.

ఇంగ్లీషు సబ్‌టైటిళ్లలో పిన్ని, పెద్దమ్మ, మేనత్త అందరినీ 'ఆంటీ' అనాలా?

అంటే కథ పోతుంది. ముఖ్యంగా 'బావ'. అతను మేనత్త కొడుకు కావచ్చు, అక్క మొగుడు కావచ్చు, ఒకప్పుడు పెళ్లి చేద్దామనుకున్న మనిషి కావచ్చు. ఆ మాటని ఇంగ్లీషు అక్షరాల్లో అలాగే ఉంచి, మొదటిసారి వచ్చినచోట మాత్రం నెరేషన్‌లో ఒక్క ముక్కలో చుట్టరికం చెప్పండి. ఇంగ్లీషు వరస 42 అక్షరాలు దాటనివ్వకండి, రెండు వరసలకి మించి వద్దు.

పోయిన తాతయ్య గొంతుని ఏఐతో చెప్పించొచ్చా?

చేయడం తేలికే. మా సలహా వద్దనే. ఆయన అననిమాట ఆయన గొంతులో వినపడ్డాక, సినిమాలో మిగతా గొంతుల్నీ ప్రేక్షకుడు అనుమానిస్తాడు. ఉత్తరం ఉంటే మనవడు చదవడమే మేలు. చదవడంలో తడబాటూ వినపడుతుంది. కెనడాలో సారా పాలీ 2012లో తన కుటుంబం మీద తీసిన సినిమాలో పాత హోమ్ వీడియోల్లా కనపడేవాటిలో చాలా భాగం నటులతో సూపర్ 8లో తీసినవి, ఆ సంగతి ప్రేక్షకుడికి సినిమాలోనే తెలిసిపోతుంది. ఎలాంటి కల్పన వాడినా ఆ పద్ధతి పాటించండి. నిజంలా కనపడే ఏఐ బొమ్మ, గొంతు ఉంటే అప్‌లోడ్ చేసేటప్పుడు చెప్పాలని యూట్యూబ్ కూడా 2024 నుంచి అడుగుతోంది.

## బయటపెట్టడం

సెన్సార్ సర్టిఫికెట్ కావాలా?

టికెట్ పెట్టినా పెట్టకపోయినా, పదిమందిని పిలిచి హాల్లో వేస్తే సినిమాటోగ్రాఫ్ చట్టం, 1952 కింద కావాలి. నిడివి పది నిమిషాలైనా సరే. ఫిల్మ్ ఫెస్టివల్స్‌కి కేంద్ర సమాచార ప్రసార శాఖ మినహాయింపు ఇస్తుంది, దాన్ని నిర్వాహకులే తెచ్చుకుంటారు. యూట్యూబ్‌లో పెట్టడానికి అక్కర్లేదు.

వెనకాల టీవీలో పాట వినపడింది. యూట్యూబ్ క్లెయిమ్ వేసింది. అనుకోకుండా పడింది కదా?

కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో, సినిమాలో వెనకాల యాదృచ్ఛికంగా కనపడే వాటికి మినహాయింపు ఉంది. అది బొమ్మలకి, శిల్పాలకే గానీ పాటకి కాదు. పాటలో సాహిత్యం, బాణీ, రికార్డింగు మూడూ వేర్వేరు హక్కులు. అనుమతి లేకపోతే ఆ ముక్క కోయాలి, లేదా మాట మీద ఆధారపడకుండా శబ్దం పూర్తిగా తీసేసి ముందే తీసిపెట్టుకున్న గది చప్పుడు పరవాలి. తీసేటప్పుడే టీవీ కట్టేయించడం అన్నిటికంటే చవక.

ముందు యూట్యూబ్‌లో పెట్టి తర్వాత ఫెస్టివల్స్‌కి పంపొచ్చా?

తిరగేసి చేయండి. చాలా ఫెస్టివల్స్ నెట్‌లో అప్పటికే ఉన్న సినిమాని తీసుకోవు. ముంబయి అంతర్జాతీయ ఫిల్మ్ ఫెస్టివల్ (మిఫ్), కేరళలో తిరువనంతపురంలో జరిగే డాక్యుమెంటరీ, షార్ట్ ఫిల్మ్ ఫెస్టివల్ మన దగ్గర ముందు చూడాల్సినవి. పాస్‌వర్డ్ ఉన్న లింకు పంపండి. 'అన్‌లిస్టెడ్' అంటే రహస్యం కాదు, లింకు దొరికిన ప్రతివాళ్లూ చూస్తారు, ఫ్యామిలీ గ్రూపులో పడితే అరగంటలో అమెరికా దాకా వెళ్తుంది.

బంధువులు, తెలియనివాళ్లు కామెంట్లలో అమ్మని ఏమైనా అంటే?

మొదటి నెల కామెంట్లు మూసేయండి. విడుదలకి వారం ముందు సినిమాలో ఉన్నవాళ్లందరినీ ఒకచోట కూర్చోబెట్టి చూపించండి, నెట్‌లో చూసి తెలుసుకోవడం కంటే అది నయం. మీరు నవ్విస్తుందనుకున్నచోట నాన్న లేచి బయటికెళ్తే, ఆ సన్నివేశం గురించి ఆ రాత్రే మాట్లాడండి. ఫైల్ ఇంకా మీ చేతిలోనే ఉంది.

రెండేళ్ల తర్వాత తీసేయాలనిపిస్తే?

మీ ఛానల్ నుంచి తీసేయొచ్చు. వేరేవాళ్లు దించుకుని మళ్లీ పెట్టినవాటికి కాపీరైట్ నోటీసు ఒక్కోదానికీ విడిగా పంపాలి. ఓటీటీకి ఇచ్చి ఉంటే ఒప్పందంలోని గడువు ముగిసేదాకా మీ చేతిలో ఉండదు, అందుకే సంతకం పెట్టేముందు ఎన్నేళ్లకి ఇస్తున్నారో చూడండి. తీసేసినా అసలు ఫుటేజ్ మాత్రం చెరపకండి. మూడు కాపీలు ఉంచుకోండి: రెండు వేర్వేరు డిస్కుల్లో, మూడోది ఇంకో ఊళ్లో, అన్న ఇంట్లోనో అత్త ఇంట్లోనో. డిస్కు మీద సంవత్సరం, తీసిన చోట్లు తెలుగులో చీటీ రాసి అంటించండి. ఏడాదికోసారి తెరిచి ఫైళ్లు ఆడుతున్నాయో లేదో చూడండి, వాడకుండా పెట్టిన హార్డ్ డిస్కులు చెప్పకుండా పోతాయి.